ఇంగ్లండ్‌లో రెండేళ్లలో పోయింది, జపాన్‌లో నాలుగు వందల ఏళ్లుగా నిలిచింది: ఆడవేషం కథ ఎందుకిలా అయింది?

మైథిలి_నాటకం

అందరికీ నమస్కారం. చాలాకాలంగా నన్ను వదలని ప్రశ్న ఇది. ఇక్కడ లండన్‌లోనూ జపాన్‌లోనూ ఉంటూ నాటకాలు చూసేవాళ్లు ఉన్నారు కాబట్టి అడుగుతున్నాను.

1640 ప్రాంతంలో లండన్‌లో నాటకానికి వెళ్లినా, జపాన్‌లోని క్యోటోలో కబుకికి (అక్కడి పాత నాటకానికి) వెళ్లినా, స్టేజీ మీద కనిపించే రాణి, ప్రియురాలు, తల్లి అందరూ మగవాళ్లే. ఒకరి నాటకం గురించి ఇంకొకరికి ఏమీ తెలియని రెండు దేశాలు ఒకే పద్ధతి దగ్గరికి వచ్చాయి. ఆ తర్వాతే దారులు విడిపోయాయి. 1660 డిసెంబర్ 8న లండన్ వీర్ స్ట్రీట్ థియేటర్‌లో ఒక నటి 'ఒథెల్లో' నాయిక డెస్డిమోనా వేసింది. ఆమె ఎవరన్నది చరిత్రకారులు ఇంకా తేల్చుకోలేదు. 1662లో రెండో చార్లెస్ రాజు ఇచ్చిన అనుమతి పత్రం ఆడపాత్రలు ఆడవాళ్లు వేయవచ్చని రాసేసింది. అంతటితో ఆడవేషం కట్టే కుర్రాళ్ల పని అయిపోయింది.

జపాన్‌లో మాత్రం ఈ రోజుకీ టోక్యోలోని కబుకిజా థియేటర్‌లో టికెట్ కొనుక్కుని లోపలికి వెళితే కథానాయిక దాదాపు ఎప్పుడూ మగవాడే. ఆడవాళ్లు స్టేజీ ఎక్కకూడదన్న నిషేధం అక్కడ ఎప్పుడో పోయింది. అయినా ఆడవేషం పోలేదు.

ఎందుకని? "జపాన్ వాళ్లకి సంప్రదాయం ఎక్కువ" లాంటి జవాబు నాకు చాలదు.

కృష్ణాతీరం

మంచి ప్రశ్న వేశారు మైథిలి గారూ. మన వాళ్లకి ఈ మాట ఎత్తగానే స్థానం నరసింహారావు గారు, వేదాంతం సత్యనారాయణ శర్మ గారు గుర్తొస్తారు. వాళ్ల గురించి తర్వాత చెప్పుకుందాం, చెప్పుకోవాల్సిన ముక్క ఒకటుంది. ముందు ఆ రెండు దేశాల సంగతి తెలిసినవాళ్లు మాట్లాడితే వినాలని ఉంది.

థేమ్స్_గట్టు

ఇంగ్లండ్ సంగతి నేను చెప్తాను.

షేక్‌స్పియర్ కంపెనీలో ఆడపాత్రలు వేసింది అప్రెంటిస్ కుర్రాళ్లు. ఆ రోజుల్లో నటులకి సొంత గిల్డ్ (వృత్తి సంఘం) లేదు. అందుకని ఏదో ఒక వర్తక గిల్డ్‌లో సభ్యత్వం ఉన్న నటుడు ఆ గిల్డ్ పేరు మీద కుర్రాళ్లని పనిలోకి తీసుకునేవాడు. షేక్‌స్పియర్ సహనటుడు జాన్ హెమింగ్స్ కాగితాల మీద కిరాణా వర్తకుల గిల్డ్ సభ్యుడు. ఆయన దగ్గర కిరాణా అప్రెంటిస్‌గా చేరిన పిల్లవాడు నేర్చుకునేది సరుకులు తూచడం కాదు, స్టేజీ మీద ఆడవేషం కట్టడం. లేడీ మాక్‌బెత్, క్లియోపాత్రా లాంటి పాత్రలన్నీ ఇలాంటి పిల్లల కోసం రాసినవే.

కేవలం పిల్లలతోనే నడిచే కంపెనీలు కూడా ఉండేవి. రాణిగారి చాపెల్ (ప్రార్థనామందిరం) గాయక బృందానికి పిల్లల్ని పట్టుకొచ్చే అధికారం ఉండేది. దాన్ని నాటకం వాళ్లు వాడుకున్నారు. 1600 డిసెంబర్‌లో థామస్ క్లిఫ్టన్ అనే పదమూడేళ్ల పిల్లవాడు బడికి వెళ్తుంటే దారిలో పట్టుకుని బ్లాక్‌ఫ్రయర్స్ థియేటర్‌కి లాక్కుపోయారు. వాళ్ల నాన్న పలుకుబడి ఉన్నవాడు కాబట్టి పిల్లవాణ్ని విడిపించుకుని స్టార్ చాంబర్ కోర్టుకెక్కాడు. ఆ ఫిర్యాదు వల్లే మనకీ సంగతి తెలుస్తోంది. పలుకుబడి లేని తండ్రుల పిల్లలు ఎంతమంది ఉన్నారో ఆలోచించండి. ఈ పద్ధతి గురించి ముచ్చటగా మాట్లాడుకునేటప్పుడు ఇది మర్చిపోకూడదు.

ఇక మీ ప్రశ్న. ఆ కుర్రాళ్లకి ఆడవేషం ఒక దశ మాత్రమే. గొంతు విరిగి, గడ్డం ముదిరాక మగపాత్రలకి మారాలి, లేదా మానుకోవాలి. ఇరవై దాటాక కూడా కొందరు కొనసాగారు కానీ, జీవితమంతా అదే చేసినవాళ్లు లేరు. అంటే పాతికేళ్ల అనుభవం పోగుచేసుకుని తర్వాతి తరానికి ఇచ్చే ఆడవేషం గురువంటూ ఇంగ్లండ్‌లో తయారవలేదు. దానికి తోడు 1642లో పార్లమెంట్ థియేటర్లు మూయించింది. పద్దెనిమిదేళ్లు మూతే. అప్రెంటిస్‌ల గొలుసు తెగిపోయింది. 1660లో తలుపులు తెరిచేసరికి తర్ఫీదు పొందిన కుర్రాళ్లు వేళ్ల మీద లెక్కపెట్టేంతమంది. రాజు ఫ్రాన్స్ ప్రవాసంలో నటీమణుల్ని చూసి వచ్చినవాడు. ఇక ఆపేదెవరు?

ఆ చివరి వరసలో మిగిలినవాడు ఎడ్వర్డ్ కినాస్టన్. 1660 ఆగస్టులో అతని నాటకం చూసిన శామ్యూల్ పీప్స్, తన జన్మలో ఇంత అందమైన స్త్రీని చూడలేదనీ, గొంతు మాత్రం అంత బాగాలేదనీ డైరీలో రాసుకున్నాడు. కొన్ని నెలలకే స్టేజీ మీదకి నటీమణులు వచ్చేశారు. కినాస్టన్ మగపాత్రలకి మారి, రాజుల వేషాల్లో పేరు తెచ్చుకున్నాడు.

ఒసాకా_నుంచి

థేమ్స్ గట్టు గారు చెప్పిన "దశ మాత్రమే" అన్న మాట దగ్గరే అసలు జవాబు ఉందని నా నమ్మకం. జపాన్‌లో కూడా మొదట్లో అది దశే. దాన్ని వృత్తిగా మార్చింది ప్రభుత్వం, అది కూడా అనుకోకుండా.

కబుకి మొదలుపెట్టింది ఒక స్త్రీ. ఇజుమో నో ఒకుని. 1603లో క్యోటోలో మగవేషం కట్టి, కత్తి పెట్టుకుని, టీ దుకాణానికి వచ్చే షోకిలా పిల్లగాడిలా ఆడింది. జనం విరగబడ్డారు. వెంటనే వేశ్యాగృహాల వాళ్లు ఆడవాళ్ల బృందాలు దించారు, ప్రేక్షకుల మధ్య కొట్లాటలు మొదలయ్యాయి, 1629లో షోగునేట్ (అప్పటి సైనిక ప్రభుత్వం) ఆడవాళ్లని స్టేజీ మీద నిషేధించింది. ఆ ఖాళీలోకి అందమైన కుర్రాళ్ల బృందాలు వచ్చాయి. వాళ్ల కోసం కూడా సమురాయ్‌లు కొట్టుకున్నారు. 1652లో కుర్రాళ్ల కబుకి కూడా నిషేధం. మళ్లీ అనుమతి ఇచ్చేటప్పుడు పెట్టిన షరతు చూడండి: నటులు నుదుటి మీద జుట్టు గొరిగించుకోవాలి. ఆ ముందరి జుట్టే కుర్రతనానికి గుర్తు, అందానికి మూలం. అది తీసేస్తే ఎవరూ మోజుపడరని వాళ్ల లెక్క.

నటులు గొరిగిన చోట ఊదారంగు పట్టుగుడ్డ కప్పుకున్నారు. ఆ ఊదా గుడ్డే కొన్నాళ్లకి ఆడవేషానికి అలంకారమైపోయింది. ఇప్పటికీ కొన్ని పాత్రల నుదుటి మీద చూడవచ్చు.

ఇక్కడే తేడా వచ్చింది. ఇంగ్లండ్‌లో కుర్రవాడి లేత గొంతు, నున్నటి చెంప సగం పని చేసిపెట్టేవి. జపాన్‌లో 1652 తర్వాత ఆ సాయం పోయింది. గొరిగిన నుదురుతో, ముదిరిన గొంతుతో ఎదిగిన మగవాడు స్త్రీగా కనిపించాలంటే ప్రకృతి ఇవ్వనిదంతా సాధనతో తెచ్చుకోవాలి. సాధన ఉన్నచోట పద్ధతి పుడుతుంది, పద్ధతి ఉంటే నేర్పడం ఉంటుంది, నేర్పితే వంశాలు నిలుస్తాయి. అందుకే ఒన్నగాత, అంటే కబుకి స్త్రీపాత్రధారి, డెబ్బై ఏళ్ల వయసులో కూడా పదహారేళ్ల పిల్లగా ఆడగలడు.

ఆ సాధన ఎలా ఉంటుందో దగ్గరనుంచి చెప్తాను. భుజం ఎముకలు రెండూ వెనక్కి దగ్గరగా లాగి కిందికి దించుతారు. దాంతో భుజాలు వాలిపోయి, మెడ పొడుగ్గా కనిపిస్తుంది. మోకాళ్లు రెండూ ఆనించి, కొద్దిగా వంచి, పాదాలు లోపలికి తిప్పి నడవాలి. నేర్చుకునే పిల్లల చేత మోకాళ్ల మధ్య కాగితం పెట్టి, జారిపోకుండా నడిపిస్తారు. వేళ్లు దగ్గరగా చేర్చి, చెయ్యి సగం కిమోనో చేతిలోనే దాచి ఉంచాలి, లేకపోతే మగచెయ్యి పెద్దదని తెలిసిపోతుంది. నాయకుడి పక్కన నిలబడినప్పుడు ఒక అడుగు వెనక్కి, మోకాళ్లు ఇంకాస్త వంచి. ఆ భంగిమలో బరువైన కిమోనోలు, విగ్గు మోస్తూ ఒక అంకమంతా ఉండాలి. కింద హాల్లో కూర్చున్నవాళ్లకి కనిపించేది మాత్రం అలవోకగా నిలబడిన అమ్మాయి.

మైథిలి_నాటకం

ఒసాకా గారూ, నుదుటి జుట్టు సంగతి చదివి ఆగిపోయాను. నా ప్రశ్నకి ఇంత సూటి జవాబు వస్తుందనుకోలేదు.

ఆ కాలపు పేరుమోసిన ఒన్నగాత యొషిజావా అయామె (1673–1729) మాటలు కూడా ఇక్కడ చేర్చాలి. ఆయన శిష్యులకి చెప్పిన సంగతుల్ని తర్వాత ఒకచోట కూర్చారు. ఒన్నగాత అనేవాడు స్టేజీ దిగాక కూడా స్త్రీలాగే బతకాలని ఆయన పట్టు. నాయకపాత్ర వేసే నటుడి ఎదుట కూర్చుని ఆబగా తినకూడదు. నీ భార్య ఎలా ఉందని ఎవరైనా అడిగితే సిగ్గుపడాలి. ఆయనకి నిజంగానే పెళ్లాం పిల్లలు ఉన్నారు, కొడుకులు కూడా నటులయ్యారు. ఈ కాలపు ఒన్నగాతలు అలా బతకరు. ఇప్పటి ఒన్నగాత తమసబురో లాంటివాళ్లు స్టేజీ దిగితే మామూలు మగవాళ్లే. అయామె చెప్పిన ఆ ఇరవై నాలుగు గంటల వేషం పోయినా, శరీరానికి నేర్పే పద్ధతి నిలిచింది.

రేణుక_వి

అందరూ చక్కగా రాస్తున్నారు. కానీ నాకు చదువుతుంటే కడుపు మండుతోంది, చెప్పేస్తాను.

కబుకిని పుట్టించింది ఆడది. ఇరవై ఆరేళ్లు తిరక్కుండా ఆమె కళలోంచి ఆమె జాతినే గెంటేశారు. సమురాయ్‌లు కొట్టుకుంటే శిక్ష ఆడవాళ్లకి. తర్వాత మగవాళ్లు ఆ ఖాళీలో గొప్ప కళ కట్టారు, ఒప్పుకుంటాను, మోకాళ్ల మధ్య కాగితం సంగతి చదివి నాకూ గౌరవం కలిగింది. కానీ "ప్రభుత్వం అనుకోకుండా చేసిన మేలు" అన్నట్టు రాస్తే ఎలా? మేలు ఎవరికి?

అదే 1629లో లండన్‌లో ఏం జరిగిందో కూడా రాయండి. ఫ్రాన్స్ నుంచి వచ్చిన బృందంలో నటీమణులు బ్లాక్‌ఫ్రయర్స్‌లో స్టేజీ ఎక్కితే ఈలలేసి, అరిచి, యాపిల్స్ విసిరి దింపేశారు. నాలుగేళ్ల తర్వాత విలియం ప్రిన్ అనే ప్యూరిటన్ (నాటకాలంటే గిట్టని కఠిన ప్రొటెస్టెంట్ శాఖ) లాయరు, నాటకాలాడే ఆడవాళ్లంతా వేశ్యలన్న అర్థంలో పుస్తకంలో రాశాడు. రాణిగారు కూడా అంతఃపురంలో నాటకం ఆడుతున్న రోజులవి కాబట్టి ఆమెనే అన్నాడని పట్టుకుని అతని చెవులు కోయించారు. రాణిని అంటే చెవులు పోయాయి. ఆ ఫ్రెంచి నటీమణుల తరఫున ఎవరూ అడగలేదు.

థేమ్స్_గట్టు

రేణుక గారూ, న్యాయమైన కోపం. 1629 రెండుచోట్లా ఒకటే కావడం నాకూ ఎప్పుడూ ఆశ్చర్యమే.

ఒక్క తేడా మాత్రం గమనించాలి. ఇంగ్లండ్‌లో ఆడవాళ్లు నటించకూడదని చట్టమేమీ లేదు. అలవాటు, పరువు, గిల్డ్ పద్ధతి కలిసి అడ్డుకున్నాయి. ఇటలీ, స్పెయిన్, ఫ్రాన్స్‌లలో అప్పటికే నటీమణులు ఉన్నారు. 1608లో వెనిస్ వెళ్లిన థామస్ కోరియట్ అనే ఇంగ్లిష్ యాత్రికుడు అక్కడ ఆడవాళ్లు నటించడం చూసి, మగనటులకి ఏమాత్రం తీసిపోలేదని రాశాడు. అంటే పక్క దేశాల్లో జరుగుతున్నదని తెలిసి కూడా లండన్ వద్దనుకుంది. జపాన్‌లోది సర్కారు ఆజ్ఞ. చట్టం పెట్టినచోట ఆడవేషం కళగా నిలిచింది, అలవాటుతో నడిచినచోట రాజు మారగానే పోయింది.

చిన్నా_థియేటర్

నేను కాలేజీలో నాటకాలు వేస్తాను, చిన్నవాణ్ని, మధ్యలో వస్తున్నందుకు ఏమీ అనుకోకండి. షేక్‌స్పియర్ నాటకాల్లో అమ్మాయిలు అన్నిసార్లు మగవేషం ఎందుకు కడతారో ఇప్పుడు అర్థమవుతోంది. వేసేది ఎలాగూ కుర్రవాడే కదా, పాంటు వేసేస్తే సుఖం అనా?

మైథిలి_నాటకం

సుఖం ఒక్కటే కాదు చిన్నా. 'ట్వెల్‌ఫ్త్ నైట్' తీసుకో. వయోలా పాత్రలో కుర్రవాడు, ఆ కుర్రవాడు అమ్మాయి, ఆ అమ్మాయి మళ్లీ అబ్బాయిగా వేషం మార్చుకుంది, ఆ అబ్బాయిని చూసి ఒలీవియా ప్రేమలో పడింది, ఆ ఒలీవియా కూడా కుర్రవాడే. నాటకం అయిపోయేదాకా వయోలా మళ్లీ ఆడబట్టల్లో కనిపించదు. 'యాజ్ యు లైక్ ఇట్' చివర్లో రోజలిండ్ పాత్రధారి ప్రేక్షకులతో మాట్లాడుతూ, తానే ఆడదాన్నై ఉంటే మీలో కొందరిని ముద్దుపెట్టుకునేదాన్నని అంటాడు. వేషం వెనక ఉన్నదెవరో అందరికీ తెలుసు, దాచే ప్రయత్నం లేదు. అన్నిటికన్నా సాహసం క్లియోపాత్రా. రోమ్‌లో ఎవడో కీచుగొంతు కుర్రవాడు నా వేషం కట్టి నన్ను నవ్వులపాలు చేస్తాడని ఆమె బాధపడుతుంది. ఆ మాట అంటున్నది ఒక కుర్రవాడే! తన కుర్రనటుడి మీద అంత నమ్మకం లేకపోతే ఏ రచయితా ఆ వాక్యం రాయడు.

ఒసాకా_నుంచి

రేణుక గారి మాట మీద ఆలోచించాను. ఆడవాళ్ల వైపు నుంచి జపాన్ ఇచ్చిన జవాబు కూడా ఒకటుంది, తకరజుక.

కొబయాషి ఇచిజో అనే రైలు కంపెనీ యజమాని, తన లైను చివర ఉన్న వేడినీటి బుగ్గల ఊరికి జనాన్ని రప్పించాలని 1913లో ఆడపిల్లల గాయక బృందం పెట్టాడు. పనికిరాకుండా పోయిన ఈతకొలను మీద పలకలు పరిచి 1914లో మొదటి ప్రదర్శన ఇచ్చారు. ఇప్పుడు అదే ఊళ్లో రెండున్నర వేల సీట్ల థియేటర్ ఉంది. నాయకుడు, విలన్, తండ్రి, సైనికుడు అందరూ ఆడవాళ్లే. చూసేవాళ్లలో కూడా ఎక్కువమంది ఆడవాళ్లే.

రెండేళ్ల సంగీత పాఠశాలలో చదువుతుండగానే ఎత్తు, గొంతు, ఇష్టం చూసుకుని మగపాత్రలకా ఆడపాత్రలకా అన్నది తేలిపోతుంది. మగపాత్రలకి వెళ్లే అమ్మాయి జుట్టు పొట్టిగా కత్తిరించుకుంటుంది. కోటు సరిగ్గా నిలవాలని నడుం చుట్టూ తువ్వాలు లాంటివి చుట్టి ఒంపు లేకుండా చేసుకుంటారు. గొంతు దించడం, కాళ్లు ఎడంగా పెట్టి కూర్చోవడం, టోపీ అంచు పట్టుకోవడం, అన్నీ సీనియర్లని చూసి నేర్చుకునేవే. మగపాత్రధారి తయారవడానికి పదేళ్లు పడుతుందని అక్కడ నానుడి. 1974లో 'రోజ్ ఆఫ్ వెర్సాయ్' ఆడినప్పటి నుంచి వాళ్లకి దేశమంతా పేరు. అందులో ముఖ్యపాత్ర మగవాడిగా పెంచిన అమ్మాయి. వయోలా కథ తిరగేసినట్టుంటుంది.

నేను మొదటిసారి మా ఆవిడ బలవంతం మీద వెళ్లాను. చివర్లో పెద్ద మెట్ల మీంచి ఈకల రెక్కలతో నాయకుడు దిగుతుంటే పక్క సీట్లో పెద్దావిడ ఏడుస్తోంది. ఆమె చూస్తున్నది మగవాణ్ని కాదు. బయట ఎక్కడా దొరకని, తన మాట శ్రద్ధగా వినే ఒక మనిషిని.

రేణుక_వి

తకరజుక నాకు ఇష్టమే. కానీ అక్కడ కూడా కంపెనీ పెట్టింది మగవాడు, పెళ్లి చేసుకుంటే అమ్మాయి బయటికి వెళ్లాల్సిందే. కబుకి ఒన్నగాత పెళ్లి చేసుకుని, పిల్లల్ని కని, డెబ్బై ఏళ్లు వచ్చేదాకా ఆడతాడు. పదేళ్లు సాధన చేసి తయారైన అమ్మాయి మాత్రం ఆ తర్వాత ఎంతకాలం ఆడుతుంది? కళ ఒకటే, ఆయుష్షు వేరు.

థేమ్స్_గట్టు

ఇంగ్లండ్‌లో ఈ రెండో వైపు మెల్లగా నడిచింది. 1660 తర్వాత నటీమణులు మగబట్టల్లో కనిపించే పాత్రలకి గిరాకీ పెరిగింది, కానీ అందులో సగం కాళ్లు చూడాలన్న మగవాళ్ల సరదా. నిజమైన సాహసాలు తర్వాత వచ్చాయి. సారా సిడన్స్ పద్దెనిమిదో శతాబ్దంలోనే హామ్లెట్ వేసింది. 1845లో అమెరికా నటి షార్లెట్ కుష్‌మన్ లండన్‌లో రోమియో వేస్తే, జూలియట్ ఆమె సొంత చెల్లెలు. ఈ మధ్య చెప్పుకోవాలంటే ఫిలిడా లాయిడ్ 2012లో డాన్‌మార్ థియేటర్‌లో ఆడవాళ్లతోనే చేయించిన 'జూలియస్ సీజర్'. ఆడవాళ్ల జైల్లో ఖైదీలు ఆడుతున్న నాటకంగా దాన్ని మలిచారు, హారియెట్ వాల్టర్ బ్రూటస్. 2016లో ఎనభై ఏళ్ల గ్లెండా జాక్సన్ లియర్ రాజు వేసింది.

అటువైపు మార్క్ రైలాన్స్ గ్లోబ్ థియేటర్‌లో ఒలీవియా వేశాడు. నల్ల గౌను కింద పాదాలు కనిపించకుండా చిన్న చిన్న అడుగులతో జారుతున్నట్టు నడిచేవాడు. అద్భుతం. కానీ ఆ నడక ఆయనతోనే మొదలై ఆయనతోనే ఆగిపోతుంది. ఇంగ్లండ్‌లో ప్రతి నటుడూ మళ్లీ మొదటినుంచి కనిపెట్టుకోవాలి.

కృష్ణాతీరం

ఇప్పుడు నేను దాచుకున్న ముక్క. మనది ఈ రెండూ కాని మూడో దారి. కూచిపూడిలో సత్యభామ శతాబ్దాల పాటు మగవాళ్లు కట్టిన వేషం. వేదాంతం సత్యనారాయణ శర్మ గారి భామ జడ వేసి తెర వెనక నుంచి చూపిస్తే హాలు ఊగిపోయేది. కానీ వెంపటి చినసత్యం గారు 1963లో మద్రాసులో అకాడమీ పెట్టి ఆడపిల్లలకి నేర్పడంతో ఆ నడక, ఆ జడ, ఆ చూపు అమ్మాయిల చేతికి వెళ్లాయి. కళ పోలేదు, వేసేవాళ్లు మారారు. ఆడవేషం కట్టే మగవాళ్లు ఇప్పుడు కొద్దిమందే. కబుకిలో ఇది ఎందుకు జరగలేదు?

ఒసాకా_నుంచి

పంతొమ్మిదో శతాబ్దం చివర నిషేధం తొలగినప్పుడు జపాన్ నటీమణులు కబుకిలోకి కాకుండా కొత్త నాటకంలోకి వెళ్లారు. సదయక్కో 1900లో లండన్, పారిస్‌లలో ఆడి పేరు తెచ్చుకుంది, 1908లో నటీమణుల కోసం శిక్షణాలయం పెట్టింది. మత్సుయి సుమాకో 1911లో ఇబ్సెన్ 'డాల్స్ హౌస్' నాటకంలో నోరా వేసింది. వాళ్లకి కొత్త ఇల్లు దొరికింది, పాత ఇంటి తాళాలు వంశాల దగ్గరే ఉండిపోయాయి. కబుకిలో పేరు తండ్రి నుంచి కొడుక్కి వస్తుంది.

ఒక ఇంటి కథ చెప్తాను. ఏడో ఒనొఎ కికుగొరో కబుకిలో మహానటుడు. కొడుకు కికునొసుకె 2005లో నినగావ యుకియో దర్శకత్వంలో 'ట్వెల్‌ఫ్త్ నైట్' కబుకిలో వయోలానీ, ఆమె కవల సోదరుణ్నీ తనే వేశాడు. 2009లో లండన్ బార్బికన్ థియేటర్‌లో కూడా ఆడారు. చిన్నప్పుడు తానూ కబుకి నటుణ్ని కావాలనుకున్నది కూతురు తెరజిమ షినొబు. ఆడపిల్ల కాబట్టి కుదరలేదు. సినిమాల్లోకి వెళ్లి 2010లో బెర్లిన్‌లో ఉత్తమ నటి బహుమతి తెచ్చుకుంది. 2023 అక్టోబర్‌లో కబుకిజాలో ఒక కబుకి నాటకంలో భార్య పాత్ర వేసింది, యాభై దాటాక.

రేణుక_వి

తమ్ముడు వయోలా వేశాడు, అక్క యాభై ఏళ్లు ఆగింది. ఒకే ఇంట్లో. నేను మొదట్నుంచీ అంటున్నది ఇదే.

కబుకిలోకి ఆడవాళ్లు ఎందుకు రాకూడదంటే అందరూ చెప్పే కారణం ఒకటుంది: ఆ పద్ధతి మగశరీరం కోసం తయారైంది, నిజమైన స్త్రీ పక్కన నిలబడితే పొసగదని. ఒసాకా గారు చెప్పిన తకరజుకే దానికి జవాబు. తమది కాని శరీరాన్ని అమ్మాయిలు పదేళ్లలో నేర్చుకోగలిగితే, ఒన్నగాత నడకని ఎందుకు నేర్చుకోలేరు? అది పుట్టుకతో వచ్చేది కాదనీ, సాధనతో వచ్చేదనీ ఈ చర్చంతా మీరే నిరూపించారు. సాధనతో వచ్చేదానికి పుట్టుక అడ్డేమిటి?

ఒసాకా_నుంచి

జపాన్‌లో కబుకి కన్నా పాతదైన నోహ్ నాటకం 1948లోనే వృత్తి నటుల సంఘంలోకి ఆడవాళ్లని తీసుకుంది, నోహ్‌కి ఏమీ కాలేదు. కాబట్టి కబుకి శిక్షణ ఆడపిల్లలకీ తెరవాలన్నదానికి నా ఓటు. నాకున్న భయం కృష్ణాతీరం గారు చెప్పిన కూచిపూడి లాంటిది. అమ్మాయిలు రాగానే మగవాళ్ల ఒన్నగాత కరిగిపోతే, 1652 నుంచి కట్టుకుంటూ వచ్చిన ఆ పని ఒక తరంలో పోతుంది. రెండూ పక్కపక్కన ఉండేలా చూడాలి. ఒకే పాత్రని ఒక రోజు అతను, ఒక రోజు ఆమె.

రేణుక_వి

ఒక రోజు అతను, ఒక రోజు ఆమె అయితే నాకు అభ్యంతరం లేదు. ముందు ఆమె రోజు మొదలవనీయండి.